పాప్ స్మియర్ రిపోర్టులో ‘మెటాప్లేసియా’ అని రాశారు.. గర్భసంచి తీయించుకోవాల్సిందేనా?

ప్రశ్న: డాక్టర్ గారూ, నా వయసు 38. మాది పరకాల దగ్గర ఒక ఊరు. ఇద్దరు పిల్లలు, పెద్ద పాపకు 13 ఏళ్లు. పిల్లలు కాకుండా ఆపరేషన్ అయింది. ఏడాది నుంచి తెల్లబట్ట ఎక్కువగా అవుతోంది, అప్పుడప్పుడు దురద, నడుం నొప్పి. హన్మకొండలో పాప్ స్మియర్ చేయించుకుంటే రిపోర్టులో ‘స్క్వేమస్ మెటాప్లాస్టిక్ సెల్స్ సీన్, మోడరేట్ ఇన్‌ఫ్లమేషన్, ఎన్‌ఐఎల్‌ఎం’ అని వచ్చింది. మా ఊరి ఆర్‌ఎంపీ చూసి ‘కణాలు మారిపోతున్నాయి, ఇది క్యాన్సర్‌కు ముందు దశ, ఇప్పుడే గర్భసంచి తీయించుకుంటే పీడ పోతుంది’ అన్నాడు. మా వదినకు కూడా ఇట్లనే తీసేశారు. ఫోన్‌లో వెతికితే మెటాప్లేసియా పక్కన క్యాన్సర్ అనే కనిపిస్తోంది. రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు. ఏం చేయమంటారు?
– ఒక సోదరి, హన్మకొండ జిల్లా

డాక్టర్ సలహా: అమ్మా, ముందు మీ నిద్ర సంగతి చూద్దాం. మీరు రాసిన రిపోర్టును బట్టి మీకు క్యాన్సర్ లేదు, క్యాన్సర్‌కు ముందు దశ కూడా లేదు. గర్భసంచి తీయడానికి ఇందులో ఒక్క కారణం కూడా నాకు కనిపించడం లేదు. ఆపరేషన్‌కు తేదీ అనుకుని ఉంటే ఆపేయండి, అడ్వాన్స్ కట్టి ఉంటే వెనక్కి అడగండి. తెల్లబట్టకు వైద్యం కావాలి, అది మందులతో అయ్యే పని.

నేను పాథాలజిస్టును. పాప్ స్మియర్ అంటే గర్భసంచి ముఖద్వారం నుంచి కణాలు తీసి చూసే పరీక్ష. ఆ నమూనా గాజు పలక మీద ల్యాబ్‌కు వస్తే, దానికి రంగులు పట్టించి మైక్రోస్కోపులో చూసి ఆ మాటలు రాసేది మాలాంటి వాళ్లమే. రాసేది గైనకాలజిస్టు కోసం. ఆమెకు ఒక్క చూపులో అర్థమయ్యే మాట మీ చేతికి వచ్చేసరికి పిడుగులా పడుతోంది, అందుకే దీన్ని కాస్త వివరంగా చెప్తాను.

గర్భసంచి కింది భాగం యోనిలోకి తెరుచుకునే చోటును గర్భాశయ ముఖద్వారం అంటాం, డాక్టర్లు సర్విక్స్ అంటారు. దాని బయటి వైపు పొరలు పొరలుగా పేర్చినట్టుండే చదునైన కణాలు ఉంటాయి, వాటిని స్క్వేమస్ కణాలంటాం, ఒరిపిడికి తట్టుకుంటాయి. లోపలి సన్నని దారిలో మాత్రం ఒక్కటే వరుస, పొడుగ్గా నిలబడి జిగురు లాంటి ద్రవాన్ని ఊరించే సున్నితమైన కణాలు. ఆడపిల్ల ఎదిగే వయసులో, మళ్లీ గర్భం వచ్చినప్పుడు ఈస్ట్రోజెన్ హార్మోన్ వల్ల సర్విక్స్ ఉబ్బి ఆ లోపలి పొర కొంత బయటికి తిరుగుతుంది. బయటేమో యోనిలో ఆమ్లం, పీహెచ్ 4 దగ్గర ఉంటుంది. ఆ పులుపుకు సున్నితమైన కణాలు నిలవలేవు. అప్పుడు వాటి అడుగున నిద్రాణంగా ఉండే రిజర్వ్ కణాలు మేల్కొని, ఇక్కడికి గట్టి రకమే సరిపోతుందన్నట్టు స్క్వేమస్ కణాలను తయారుచేయడం మొదలుపెడతాయి. ఒక రకం ముదిరిన కణాలు ఉండాల్సిన చోట ఇంకో రకం ముదిరిన కణాలు వచ్చి చేరడం, మెటాప్లేసియా అంటే ఇంతే.

ఇక్కడ చాలామంది పొరబడే విషయం ఒకటి ఉంది. ఉన్న కణమే చెడిపోయి ఇంకో కణంగా మారదు. కాలువ నీళ్లు రాని రోజుల్లో పత్తి పెట్టిన చేనులో, నీళ్లు వచ్చాక రైతు వరి వేస్తాడు, పత్తి మొక్కే వరి కాదు కదా, నేల అదే, ఈసారి వేసిన విత్తనం వేరు. మీ సర్విక్స్‌లో జరిగింది కూడా అదే, పరిస్థితికి తగ్గట్టు శరీరం పంట మార్చుకుంది. పిల్లలు కనే వయసులో ఉన్న ఆడవాళ్లందరిలో ఇది ఏదో ఒక మేర నడుస్తూనే ఉంటుంది, మీకు వచ్చింది, మీ వదినకు వచ్చింది, రేపు మీ పాపకు కూడా వస్తుంది. ఇది జబ్బు పేరు కాదు.

మైక్రోస్కోపులో ఎలా ఉంటాయంటారా? బాగా ముదిరిన స్క్వేమస్ కణం పెద్దగా, పల్చగా, మూలలు తేలి కనిపిస్తుంది, మధ్యలో చిన్న చుక్కలాంటి కేంద్రకం. లోపలి దారి కణాలు గుంపుగా తేనెపట్టు గదుల్లా కనిపిస్తాయి. మెటాప్లాస్టిక్ కణాలు వీటికి మధ్యస్థంగా ఉంటాయి, గుండ్రంగా, కాస్త చిన్నగా, చిక్కటి రంగు పట్టి. కేంద్రకం కొంచెం పెద్దదే అయినా దాని అంచు నునుపుగా ఉంటుంది, లోపలి పదార్థం సమానంగా పరుచుకుని ఉంటుంది. మేం వెతికేది ఆ నునుపునే. అంచు వంకరపోయిందా, రంగు ముద్దలు కట్టిందా, కణానికి మించి కేంద్రకం పెరిగిపోయిందా అని ఒక్కో గుంపునూ చూస్తాం, అలాంటిదేదైనా ఉంటే రిపోర్టులో మెటాప్లేసియా అని రాసి ఊరుకోం, దానికి వేరే పేర్లున్నాయి.

ఇంకో సంగతి చెప్తే మీకు ఆశ్చర్యం వేస్తుంది. ఆ మాట మీ రిపోర్టులో ఉండటం ఒక రకంగా మంచిదే. సర్విక్స్‌లో క్యాన్సర్ మొదలయ్యేది ఎక్కువగా ఈ రెండు రకాల కణాలు కలిసే అంచు దగ్గరే, దాన్ని ట్రాన్స్‌ఫర్మేషన్ జోన్ అంటారు. నమూనా తీసిన వాళ్లు ఆ చోటును సరిగ్గా తాకారా లేదా అన్నది మాకు తెలియాలి. లోపలి దారి కణాలో మెటాప్లాస్టిక్ కణాలో, రెండూ కలిపి కనీసం 10 చక్కగా నిలిచినవి కనిపిస్తే సరైన చోటు నుంచే తీశారని లెక్క. పాప్ స్మియర్ రిపోర్టులు రాయడానికి 1988 నుంచి వాడుతున్న బెథెస్డా పద్ధతిలోని నియమం ఇది. అంటే మీ టెస్టు చేసినామె పని బాగా చేసిందని ఆ మాట సాక్ష్యం చెబుతోంది.

అసలు మీరు చూడాల్సింది చివర్లో ఉన్న ఎన్‌ఐఎల్‌ఎం అనే నాలుగు అక్షరాలను. పైపొర కణాల్లో క్యాన్సర్‌కు దారితీసే మార్పు గానీ, క్యాన్సర్ గానీ కనిపించలేదని దానర్థం. తీర్పు అదే, మిగతావన్నీ వివరాలు. మీ ఆర్‌ఎంపీ వివరాన్ని పట్టుకుని తీర్పును వదిలేశాడు. జ్వరానికి గోలీ ఇచ్చేవాడు, అర్ధరాత్రి పిలిస్తే పలికేవాడు ఊళ్లో ఉండటం అవసరమే, నేను కాదనను, కానీ పాప్ స్మియర్ చదివి ఆపరేషన్ చెప్పడం ఆయన చేయకూడని పని.

మరి ఫోన్‌లో క్యాన్సర్ అని ఎందుకొచ్చింది? రెండు కారణాలున్నాయి. ఒకటి, హెచ్‌పీవీ అనే వైరస్‌కు ఈ కొత్తగా తయారవుతున్న మెటాప్లాస్టిక్ కణాల్లోకి దూరడం తేలిక, కాబట్టి సర్విక్స్ క్యాన్సర్ గురించి రాసే ప్రతిచోటా ఈ మాట వస్తుంది. వైరస్ చేరి, ఏళ్ల తరబడి పోకుండా తిష్ఠ వేస్తే అప్పుడు కణాల వరుస తప్పుతుంది, దాన్ని డిస్‌ప్లేసియా అంటాం. క్యాన్సర్‌కు ముందు దశ అంటే అది. మెటాప్లేసియాలో కణాల రకం మారుతుంది కానీ క్రమం తప్పదు, డిస్‌ప్లేసియాలో క్రమమే తప్పుతుంది. పేర్లు వినడానికి అన్నదమ్ముల్లా ఉన్నా ఒకదానికి కంగారు పడక్కర్లేదు, రెండోదాన్ని వదిలిపెట్టకూడదు.

రెండో కారణం, ఇదే మాటను శరీరంలో వేరే చోట్ల కూడా వాడతారు, అక్కడ దాని బరువు వేరు. ఏళ్లకేళ్లు బీడీలు తాగిన వాళ్ల శ్వాసనాళాల్లో దుమ్మును, కఫాన్ని పైకి నెట్టే సన్నటి నూగున్న కణాలు పోయి స్క్వేమస్ కణాలు వస్తాయి, పొగను తట్టుకుంటాయి గానీ కఫాన్ని నెట్టలేవు, పొగ ఆపకపోతే క్యాన్సర్ కూడా అక్కడే మొదలుకావచ్చు. పుల్లటి త్రేన్పులు, ఛాతీలో మంట ఏళ్ల తరబడి ఉన్నవాళ్లలో కొందరికి అన్నవాహిక కింది చివర పేగు తరహా కణాలు వస్తాయి, దాన్ని బారెట్స్ అంటారు. కడుపులో హెలికోబ్యాక్టర్ పైలోరీ అనే బ్యాక్టీరియా చాలాకాలం ఉంటే ఇంటెస్టినల్ మెటాప్లేసియా అని ఎండోస్కోపీ బయాప్సీలో రాస్తారు. బారెట్స్ ఉంటే మధ్యమధ్యలో ఎండోస్కోపీ చేసి చూసుకుంటూ ఉండాలి, కడుపులో అయితే ఆ బ్యాక్టీరియాకు మందులు వాడి, మళ్లీ ఎండోస్కోపీ కావాలో లేదో డాక్టర్ చెప్పినట్టు చేయాలి. మీ ఇంట్లో మగవాళ్లెవరికైనా అలాంటి రిపోర్టు వస్తే ‘మా ఆమెకు ఏం కాదన్నారు కదా’ అని పక్కన పడేయకండి. ఒక్క మాటను వెతికితే ఫోన్ ఇవన్నీ కలిపి కుప్ప పోస్తుంది, ఏ అవయవం, పక్కన ఇంకేం రాశారు అన్నది చూడదు.

సర్విక్స్ రిపోర్టులో జాగ్రత్త పడాల్సిన మాటలు ఏఎస్‌సీ-యూఎస్, ఎల్‌సిల్, హెచ్‌సిల్. మొదటిది అనుమానం, రెండోది తక్కువ స్థాయి మార్పు, మూడోది ఎక్కువ స్థాయి మార్పు. వీటిలో ఏది వచ్చినా వెంటనే గర్భసంచి తీసేయమని అర్థం కాదు. అనుమానం దశలో హెచ్‌పీవీ టెస్టు, మిగతావాటికి కాల్పోస్కోప్ అనే పరికరంతో సర్విక్స్‌ను పెద్దది చేసి చూసి, అవసరమైతే చిన్న ముక్క బయాప్సీకి పంపుతారు. హెచ్‌సిల్ అని తేలినా చాలామందికి చెడిన భాగం వరకే కాల్చేయడమో కోసి తీయడమో సరిపోతుంది, గర్భసంచి అలాగే ఉంటుంది. వైరస్ చేరిన దగ్గర నుంచి క్యాన్సర్ అయ్యేదాకా మామూలుగా 15 నుంచి 20 ఏళ్లు పడుతుంది. అంత సమయం చేతిలో ఉండే క్యాన్సర్లు తక్కువ, అందుకే పరీక్షలు చేయించుకోమని మొత్తుకుంటాం.

ఇక గర్భసంచి సంగతి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం దేశంలో 15 నుంచి 49 ఏళ్ల ఆడవాళ్లలో గర్భసంచి తీయించుకున్నవారు దాదాపు 3 శాతం, మన తెలంగాణలో దాదాపు 8 శాతం. మన ఆడవాళ్లకు గర్భసంచి జబ్బులు మిగతా దేశం కంటే అంత ఎక్కువగా వస్తాయని నేను నమ్మను. పిల్లలు పుట్టేశారు, ఇక దానితో ఏం పని అనే మాట, తెల్లబట్ట అంటే క్యాన్సరే అనే భయం, రెండూ కలిసి నలభై దాటకుండానే ఆపరేషన్ బల్ల ఎక్కిస్తున్నాయి. దాంతోపాటు అండాశయాలు కూడా తీసేస్తే ఆ రోజు నుంచే ముట్లుడిగిన పరిస్థితి, వేడి ఆవిర్లు, ఎముకలు పల్చబడటం, గుండె జబ్బు ముప్పు. అండాశయాలు ఉంచినా కొందరికి ముట్లుడిగే దశ ముందే వస్తుంది. నాట్లు, కలుపుతీత, పత్తి ఏరడం చేసే శరీరానికి ఎముకల బలం ఎంత ముఖ్యమో మీకు నేను చెప్పక్కర్లేదు. పెద్ద ఫైబ్రాయిడ్లు, ఏ మందుకూ ఆగని రక్తస్రావం, క్యాన్సర్ లాంటివి ఉంటే తీయాల్సిందే, అప్పుడు నేనే తీయించుకోండి అంటాను. మీకు అవేవీ లేవు.

మోడరేట్ ఇన్‌ఫ్లమేషన్ అన్నది మాత్రం పట్టించుకోండి. ఆ చోట తెల్ల రక్తకణాలు ఎక్కువగా చేరాయని అర్థం, మీ తెల్లబట్టకు, దురదకు ఇన్‌ఫెక్షన్ కారణమై ఉండొచ్చు. పెరుగు విరిగినట్టు వస్తూ దురద ఎక్కువగా ఉంటే ఫంగస్, చేపల వాసన వస్తే బ్యాక్టీరియా, నురగగా పచ్చగా ఉంటే ట్రైకోమోనాస్ అనే సూక్ష్మజీవి కావొచ్చు, చివరిదైతే మీ ఆయన కూడా మందులు వేసుకోవాలి, లేకపోతే మళ్లీ మళ్లీ వస్తుంది. గైనకాలజిస్టు లోపల చూసి ఏదో తేల్చి మందులిస్తారు. షుగర్ టెస్టు కూడా చేయించుకోండి, ఫంగస్ పదేపదే వచ్చేవాళ్లలో కొందరికి షుగర్ అప్పుడే బయటపడుతుంది. సబ్బుతో, క్రిమిసంహారక మందు కలిపిన నీళ్లతో లోపల కడగడం ఈరోజే మానేయండి, లోపలి మంచి బ్యాక్టీరియా పోయి ఇన్‌ఫెక్షన్ ఇంకా పెరుగుతుంది.

ఒక్క హెచ్చరిక. భార్యాభర్తలు కలిసిన తర్వాత రక్తం కనపడటం, నెలసరికీ నెలసరికీ మధ్యలో రక్తం, ముట్లుడిగాక మళ్లీ రక్తం, రక్తపు చారలతో దుర్వాసన వచ్చే తెల్లబట్ట, వీటిలో ఏదైనా ఉంటే పాప్ స్మియర్ బాగానే ఉందని ఇంట్లో కూర్చోవద్దు. ఏ టెస్టూ నూటికి నూరు శాతం పట్టదు, డాక్టర్ కళ్లతో చూడాలి.

ఇవేవీ లేకపోతే మళ్లీ పాప్ స్మియర్ మూడేళ్లకు చాలు. హెచ్‌పీవీ టెస్టు చేయించుకుని అది నెగెటివ్ వస్తే ఐదేళ్ల వరకు ఆగొచ్చు. నెలసరిలో కాకుండా వెళ్లండి, అంతకు ముందు రెండు రోజులు కలయిక వద్దు, లోపల పెట్టే మందులు వద్దు. వరంగల్‌లో సీకేఎం దవాఖానలో గానీ, హన్మకొండ ప్రభుత్వ ప్రసూతి దవాఖానలో గానీ గైనకాలజిస్టులు ఉంటారు. 30 దాటిన ఆడవాళ్లకు సర్విక్స్ మీద పల్చటి ఎసిటిక్ యాసిడ్ రాసి తెల్లబడుతుందేమో చూసే పరీక్ష ప్రభుత్వ కార్యక్రమంలో ఉంది, మీ పీహెచ్‌సీలో ఎప్పుడు చేస్తారో ఆశ కార్యకర్తను అడిగి మీ తోటి ఆడవాళ్లను కూడా వెంట తీసుకెళ్లండి.

మీ పాపకు 13 ఏళ్లు అన్నారు కదా, హెచ్‌పీవీ టీకాకు ఇదే సరైన వయసు. సర్విక్స్ క్యాన్సర్లలో దాదాపు 70 శాతానికి కారణమైన 16, 18 రకాల వైరస్‌లను అది అడ్డుకుంటుంది. 9 నుంచి 14 ఏళ్ల పిల్లలకు ఆరు నెలల తేడాతో రెండు డోసులు వేస్తారు, ఒక్క డోసు పద్ధతి కూడా చాలునని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022లో చెప్పింది. మన దేశంలో తయారైన సెర్వావాక్ కూడా దొరుకుతోంది. మీరు గైనకాలజిస్టు దగ్గరికి వెళ్లేరోజు పాపను కూడా తీసుకెళ్లి టీకా గురించి అడగండి. వెళ్లేటప్పుడు ఈ పాప్ స్మియర్ రిపోర్టు, ఇప్పటిదాకా వాడిన మందుల చీటీలు అన్నీ వెంట పెట్టుకోండి, ఇచ్చిన మందుల కోర్సు పూర్తయ్యాక కూడా తెల్లబట్ట తగ్గకపోతే అక్కడే మళ్లీ చూపించుకోండి.