కథా, బొమ్మా... ఏదో ఒకటే ఎంచుకోవాలా?

ప్రశ్న: అక్కా, మాది గుంటూరు బ్రాడీపేట. ఇంటర్ సెకండియర్. చిన్నప్పటి నుంచి బొమ్మలేస్తాను, కథలూ రాస్తాను. యానిమేషన్ సినిమాలకు పనిచేయాలని ఉంది. రాయడమో గీయడమో ముందు తేల్చుకోమంటున్నారు ఫ్రెండ్స్. నాన్నేమో "దాంట్లో తిండి దొరుకుతుందా?" అంటున్నారు. ఇక్కడొక ఇన్‌స్టిట్యూట్ వాళ్లు ఏడాది కోర్సుకు లక్షన్నర అడుగుతున్నారు. చేరనా? ఒకటే టెన్షన్‌గా ఉంది.

జవాబు: చెల్లీ, తేల్చుకోనక్కర్లేదు. ఆ రెండూ కలిసిన పనే ఒకటుంది, స్టోరీబోర్డు. స్క్రిప్టు చేతికొచ్చాక సినిమా మొత్తాన్ని షాట్ల వారీగా గళ్లలో గీసి, వాటికి తాత్కాలికంగా మాటలు, సంగీతం జోడించి ఆడించి చూసుకుంటారు, ఎక్కడ బోరు కొడుతోందో, ఏ సీను ఎత్తేయాలో అప్పుడే తేలాలి, ఎందుకంటే తెర మీద సెకనుకు 24 ఫ్రేములు (ఒకదాని వెంట ఒకటి మారే నిశ్చల చిత్రాలు), చేత్తో గీసేటప్పుడు ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములు నిలిపినా పది సెకన్లకు 120 బొమ్మలు. అన్నీ గీశాక తీసేయమంటే ప్రాణం ఉసూరుమంటుంది.

రాతలోనూ కంటికి కనిపించేదే రాయాలి. "అమ్మమ్మకు కోపం వచ్చింది" అంటే గీసేవాళ్లు ఏం గీస్తారు? "మజ్జిగ గ్లాసు తాగకుండానే పక్కకు జరిపి, కొంగు బిగించి లేచింది" అని రాయి.

ఇక బొమ్మ. ఒక పొద్దున నాన్నను తోడు తీసుకుని మిర్చి యార్డుకు వెళ్లు. టిక్కీ (మిర్చి బస్తా) వీపున పడగానే హమాలీ మోకాళ్లు ఎలా వంగుతున్నాయో, మెడ ఎటు వాలుతోందో, పాదం ఎంత ఎడంగా పడుతోందో చూసి గబగబా గీసెయ్. ముఖాలొద్దు, బరువు కనిపించాలి. నా మటుకు నేను నీటుగా రంగులేసిన పది బొమ్మల కన్నా అలాంటి గజిబిజి గీతల పుస్తకాన్నే నమ్ముతాను.

నాన్నగారితో చెప్పు, ఛోటా భీమ్ తయారైంది మన హైదరాబాద్‌లోనే, 2008 నుంచి టీవీలో ఉంది. మొదట్లో జీతం తక్కువే ఉంటుంది, అదీ దాచకు. చదువంటావా, అహ్మదాబాద్ ఎన్ఐడీలో (నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ డిజైన్) యానిమేషన్ ఫిల్మ్ డిజైన్ ఉంది, మన అమరావతి ఎన్ఐడీలో కమ్యూనికేషన్ డిజైన్ (బొమ్మలూ అక్షరాలతో విషయం చెప్పడం నేర్పే కోర్సు) ఉంది, హైదరాబాద్ జేఎన్ఏఎఫ్ఏయూలో (జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ) యానిమేషన్‌లో బీఎఫ్ఏ, అంటే ఫైన్ ఆర్ట్స్ డిగ్రీ ఉంది. అన్నింటికీ ఎంట్రన్స్ రాయాలి.

లక్షన్నర మాత్రం ఇప్పుడే కట్టకు. యానిమేషన్ చేసుకునే బ్లెండర్ సాఫ్ట్‌వేర్ ఉచితంగానే దొరుకుతుంది, ఇంట్లోనే మొదలుపెట్టొచ్చు. అయినా చేరాలనిపిస్తే వెళ్లి, పోయినేడు చేరిన పిల్లల స్కెచ్‌బుక్కులు చూపించమని అడుగు. చూపించకుండా సాఫ్ట్‌వేర్ పేర్లు చదివి వినిపించారంటే బయటికొచ్చెయ్.