డిజెబిలిటీ పెన్షన్ కుదరదన్నారు.. నాలుగేళ్ల తర్వాత మళ్లీ అడగొచ్చా?

ప్రశ్న: ఆర్మీలో 11 ఏళ్లు చేశాను. నాయక్‌గా ఉండగా నడుము డిస్క్ సమస్యతో బోర్డ్ అవుట్ అయ్యాను, అంటే మెడికల్ బోర్డు ఫిట్ కాదని సర్వీసు నుంచి పంపేసింది. వైకల్యం 30 శాతం అని రాస్తూనే, సర్వీసుకు సంబంధం లేదన్నారు. అందుకే ఇన్‌వాలిడ్ పెన్షన్ (సర్వీసుకు సంబంధం లేని అనారోగ్యంతో బయటికి వచ్చినవాళ్లకు ఇచ్చేది) మాత్రమే వస్తోంది. డిజెబిలిటీ పెన్షన్ కుదరదని నాలుగేళ్ల కిందట లెటర్ వస్తే ఊరుకున్నాను. చివర్లో బేసిక్, మిలటరీ సర్వీస్ పే కలిపి రూ.38,000. ఇప్పుడు ఒకాయన బకాయిల్లో మూడో వంతు ఇస్తే ఇప్పిస్తానంటున్నాడు. ఆ డబ్బు చూసుకుని ఇంటి లోన్ తీసుకోవచ్చా?

జవాబు: ముందుగా, ఆయనకు సంతకం పెట్టిన కాగితం ఒక్కటి కూడా ఇవ్వకండి. మీ ఒంటి మీద పడిన దెబ్బకు ప్రభుత్వం ఇవ్వాల్సిన సొమ్ములో మూడో వంతు ఎవరికో పోవడం నాకు అస్సలు ఇష్టం లేదు.

మీకు ఇప్పుడు వస్తున్న బేసిక్ పెన్షన్ 38,000లో సగం, అంటే 19,000. డిజెబిలిటీ పెన్షన్‌లో రెండు భాగాలుంటాయి: చేసిన సర్వీసుకు ఇచ్చే సర్వీస్ ఎలిమెంట్, వైకల్యానికి ఇచ్చే డిజెబిలిటీ ఎలిమెంట్. మీకు అదనంగా రావాల్సింది ఈ రెండోది. పూర్తి వైకల్యానికి అది చివరి జీతంలో 30 శాతం, మీ లెక్కలో 11,400. మీ వైకల్యం 30 శాతమే కాబట్టి 3,420 అనుకుంటున్నారేమో, కాదు. బోర్డ్ అవుట్ అయినవాళ్లకు 50 లోపు శాతాన్ని 50గా లెక్కగడతారు. అంటే నెలకు 5,700, దాని మీద డీఆర్ (ధరల పెరుగుదలకు పెన్షనర్లకు ఇచ్చే కరువు భృతి) అదనం. హక్కు ఖాయమైతే సర్వీస్ ఎలిమెంట్, డిజెబిలిటీ ఎలిమెంట్ రెండింటికీ ఆదాయపు పన్ను ఉండదు.

మీ కేసంతా మెడికల్ బోర్డు ప్రొసీడింగ్స్‌లో ఉంది. ఆ కాపీ మీ దగ్గర లేకపోతే రికార్డ్స్ ఆఫీసుకు సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టండి. రాగానే కారణం రాసే గడి చూడండి. సర్వీసుకు సంబంధం లేదని ఒక్క ముక్క రాసి వదిలేశారా, ఎందుకు లేదో వివరించారా? 2013లో ధరమ్‌వీర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. చేరేటప్పుడు రికార్డుల్లో లేని జబ్బు తర్వాత వస్తే అది సర్వీసు వల్లే వచ్చిందని భావించాలి, కాదని నిరూపించాల్సింది ప్రభుత్వమే, బోర్డు కారణాలు రాసి తీరాలి. దీన్ని చూపిస్తే ప్రతి కేసూ గెలుస్తారని కాదు. అందుకే ఎత్తు ప్రాంతాల పోస్టింగులు, బరువులు మోసిన డ్యూటీలు, యూనిట్‌లో ఉండగా ఆసుపత్రిలో చేరిన కాగితాలు, అన్నీ తేదీల వారీగా పేర్చి పెట్టుకోండి.

అప్పీలుకు ఆరు నెలల గడువు దాటిపోయింది. అయినా ఆలస్యానికి కారణం రాసి అప్పీలు పెట్టండి. ఆరు నెలల్లో జవాబు రాకపోయినా, కాదన్నా, సైనికుల సర్వీసు, పెన్షన్ కేసులు వినే ఆర్మ్‌డ్ ఫోర్సెస్ ట్రిబ్యునల్‌కు వెళ్లొచ్చు. పెన్షన్ నెలనెలా రావాల్సిన హక్కు కాబట్టి పాత కేసని తలుపు మూసేయరు. కానీ బకాయిలు మాత్రం సాధారణంగా కేసు వేసిన తేదీకి ముందు మూడేళ్లవే ఇస్తారు. మీకు అది డీఆర్ కాకుండా సుమారు రూ.2,05,000. ఇక్కడే చాలామంది నష్టపోతున్నారు. మీరు ఒక నెల ఆలస్యం చేస్తే పాత బకాయిలో ఒక నెల జారిపోతుంది, అంటే 5,700 పోయినట్టే. అప్పీలు రాయడానికి మీ జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయంలో అడగండి.

ఇక లోన్. ఈఎంఐని ఇప్పటి 19,000, మీ ఇతర సంపాదన చూసే పెట్టుకోండి. కొత్త పీపీఓ (పెన్షన్ చెల్లింపు ఉత్తర్వు) చేతికి రాకముందు 5,700ని ఆదాయంలో కలపొద్దు. కేసు ఎంతకాలం పడుతుందో ఎవరూ చెప్పలేరు, ఈఎంఐ మాత్రం ఆగదు. బకాయిలు వచ్చాక ఆరు నెలల ఇంటి ఖర్చు ఎఫ్‌డీలో వేసి, మిగిలింది లోన్ అసలుకు కట్టండి. మీ ఇంట్లోవాళ్లకు కూడా ఈ కాగితాలు ఎక్కడున్నాయో చెప్పి ఉంచండి. సర్వీసు వల్ల వచ్చినట్టు ఒప్పుకున్న వైకల్యంతోనే మనిషి పోతే, భార్యకు మామూలు ఫ్యామిలీ పెన్షన్ కంటే ఎక్కువగా స్పెషల్ ఫ్యామిలీ పెన్షన్ వస్తుంది.