నితీష్ కుమార్ రెడ్డి ఐపీఎల్‌కి ముందు ఏం చేశాడు? 441 తర్వాత గడిచిన ఏళ్ళ సంగతి

ప్రశ్న ఏంటంటే, "మా తమ్ముడు అండర్-16 జిల్లా టీమ్‌లో బాగా కొడుతున్నాడు, నితీష్ కుమార్ రెడ్డిలాగా రంజీకి, ఐపీఎల్‌కి వెళ్ళాలంటే ఎన్నేళ్ళు పడుతుంది, ఇంటర్ చదువు మానిపించేయొచ్చా" అని. ఇప్పటిదాకా వచ్చిన జవాబులన్నీ చదివాను. అన్నిట్లోనూ ఒకటే వరస, మన విశాఖ ఆల్‌రౌండర్ నితీష్ అండర్-16లో ఒక్క ఇన్నింగ్స్‌లో 441 కొట్టాడు, నాన్న ఉద్యోగం వదిలేశాడు, ఆస్ట్రేలియా మీద మెల్‌బోర్న్ టెస్టులో సెంచరీ కొట్టాడు, శుభం కార్డు. మరి ఆ 441కీ మెల్‌బోర్న్‌కీ మధ్యలో ఏడేళ్ళున్నాయి కదండీ, వాటి గురించి ఒక్కరైనా రాయరేంటి?

నేను క్రికెటర్‌ని కాదు. కానీ మా అక్క కొడుకు అండర్-14 నుంచి ఆడుతున్నాడు, బావ డ్యూటీ షిఫ్టులు కాబట్టి వాణ్ణి బండెక్కించుకుని, కిట్ బ్యాగ్ ముందు పెట్టుకుని విశాఖలో, విజయనగరంలో ఉన్న గ్రౌండ్లన్నీ తిప్పింది నేనే. ఆ బౌండరీ తాడు బయట కూర్చుని చూసిన దాన్నిబట్టి చెప్తున్నాను, అండర్-16లో కొట్టిన పరుగులకి మీరు అనుకుంటున్నంత విలువ లేదు. అక్కడ అసలు ఆట మొదలే కాదు.

నితీష్‌దే తీసుకోండి. 2017-18 విజయ్ మర్చంట్ ట్రోఫీలో, అంటే రాష్ట్రాల అండర్-16 టోర్నమెంట్‌లో, ఆంధ్రకి 1237 పరుగులు, సగటు 176.41. నాగాలాండ్ మీద ఒక్క ఇన్నింగ్స్‌లో 441. ఆ ఏడాదికి బీసీసీఐ అండర్-16లో బెస్ట్ క్రికెటర్‌కిచ్చే జగ్మోహన్ దాల్మియా అవార్డు కూడా వచ్చింది. ఇంతవరకూ అందరికీ తెలుసు. అదే టోర్నమెంట్‌లో వాడు 26 వికెట్లు తీశాడన్నది మాత్రం ఎవరూ చెప్పరు, వీడియో బొమ్మ మీద 441 అని వేస్తేనే కదా జనం నొక్కేది.

ఇప్పుడు రెండో లెక్క చూడండి. 2020 జనవరిలో, పదహారేళ్ళకే రంజీలో, అంటే రాష్ట్రాల సీనియర్ జట్ల టోర్నమెంట్‌లో ఆడాడు. అక్కణ్ణుంచి 2024 చివర్లో పెర్త్‌లో టెస్ట్ క్యాప్ వచ్చేదాకా ఫస్ట్ క్లాస్‌లో, అంటే రంజీలాంటి పెద్ద మ్యాచ్‌ల్లో, వాడి బ్యాటింగ్ సగటు 21 దగ్గరే ఉంది. సెంచరీ ఒకే ఒక్కటి. వికెట్లు మాత్రం 50 దాటాయి. 176 ఎక్కడ, 21 ఎక్కడ! ఆట మర్చిపోయాడా? లేదే. అండర్-16 దాటి పెద్దవాళ్ళ మధ్యకి వెళ్తే ప్రతివాడికీ పడే దెబ్బే అది, కొందరు అందులోంచి బయటికొస్తారు, చాలామంది అక్కడే ఆగిపోతారు. మీ తమ్ముడికి తెలియాల్సింది ఈ ముక్క.

ఎందుకలా అవుతుందంటే, జిల్లా స్థాయిలో మన పిల్లలు సగం మ్యాచ్‌లు మ్యాటింగ్ మీదే, అంటే పిచ్ మీద పరిచిన మ్యాట్ మీదే ఆడతారు. మ్యాట్ మీద బాల్ ఒకటే ఎత్తులో లేస్తుంది, వెనక్కి జరిగి కట్ చేసుకోవచ్చు, పుల్ చేసుకోవచ్చు, స్కోర్లు గబగబా వచ్చేస్తాయి. పైగా ఆ వయసు బౌలర్లకి వేగమెంతుంటుంది చెప్పండి. తీరా టర్ఫ్ మీదకి, అంటే మ్యాట్ లేని మట్టి పిచ్ మీదకి వెళ్ళాక పొద్దున్నే పిచ్‌లో తడి ఉంటుంది, ఎర్ర బంతి ఆలస్యంగా తిరుగుతుంది, ముందుకొచ్చి ఆడాల్సిన బాల్‌కి అలవాటుగా వెనక్కే వెళ్తాడు, ప్యాడ్ మీద తగిలించుకుంటాడు. దానికి తోడు పెద్ద టీమ్‌లో పైన చోటుండదు. ఆంధ్రకి పైన అప్పట్లో హనుమ విహారి, రికీ భుయ్ లాంటివాళ్ళుండేవాళ్ళు, 2023-24 రంజీలో దేశం మొత్తం మీద ఎక్కువ పరుగులు రికీ భుయ్‌వే, 902. అలాంటి టీమ్‌లో కుర్రాడొచ్చి నన్ను మూడో నంబర్లో పంపండి అంటే పంపుతారా? కింద దిగాలి, దిగేసరికి అటువైపు తోక, అంటే బ్యాటింగ్ రాని బౌలర్ల వరస మొదలై ఉంటుంది, లేకపోతే కొత్త బాల్ తీసుకుని ఉంటారు.

ఇది నాకు పుస్తకంలో తెలిసిన విషయం కాదు, మా మేనల్లుడి విషయంలో కళ్ళారా చూశాను. వాడు అండర్-16లో జిల్లాకి ఓపెనర్, వరసగా స్కోర్లు. పేపర్లో జిల్లా పేజీలో ఫోటో పడితే మా అక్క ఆ ముక్క కత్తిరించి బీరువా తలుపుకి లోపలవైపు అంటించింది. అండర్-19కి వెళ్ళాడు, మొదటి మ్యాచ్‌ల్లోనే ఏడో నంబరు. ఒక మ్యాచ్ వేరే జిల్లాలో కాలేజీ గ్రౌండ్‌లో, టర్ఫ్ వికెట్. వీడు దిగాడు, ఎదురుగా పొడుగాటి కుర్రాడొకడు, బాల్ బయటికి వెళ్తుందనుకుని బ్యాట్ పైకెత్తి వదిలేశాడు, అది లోపలికొచ్చి మోకాలి కింద తగిలింది. అంపైర్ వేలెత్తడానికి క్షణం కూడా ఆలోచించలేదు. వచ్చి ప్యాడ్లు కూడా విప్పకుండా టెంట్ వెనకాల కూర్చున్నాడు. నేను వెళ్ళలేదు, ఆ టైమ్‌లో ఇంట్లోవాళ్ళు దగ్గరికెళ్ళకూడదు. ఇది చాలామంది తల్లిదండ్రులకి తెలీదు, సైట్ స్క్రీన్ పక్కన నిలబడి "ముందుకాడరా, ముందుకాడు" అని అరిచేవాళ్ళు ప్రతి గ్రౌండ్‌లోనూ ఉంటారు, పిల్లాడు కోచ్ వైపు చూడాలా వీళ్ళ వైపు చూడాలా?

మధ్యాహ్నం ఫీల్డింగ్. మావాడి టీమ్‌లో ఫాస్ట్ బౌలర్‌కి తొడ పట్టేసింది. కోచ్ గారు బౌండరీ దగ్గరికొచ్చి మావాణ్ణి పిలిచి "ఒరే, నెట్స్‌లో చెయ్యి తిప్పుతావు కదా, వేస్తావా?" అన్నారు. వీడికి బౌలింగ్ షూసే లేవు, బ్యాట్స్‌మన్‌కి ఎందుకులే అని మేం కొనలేదు, అవొక ఖర్చు. ఆ తొడ పట్టేసిన కుర్రాడే తన స్పైక్స్ విప్పి ఇచ్చాడు, ఒక సైజు పెద్దవి, వీడు ఇంకో జత సాక్సులు వేసుకుని తాళ్ళు చీలమండ చుట్టూ తిప్పి కట్టుకున్నాడు. బాల్ యాభై ఓవర్లు పాతది, ఒకవైపు తోలు లేచిపోయింది. గాలికి ఎదురుగా వేయాల్సిన ఎండ్, అటునుంచి వేస్తాననేవాడే లేడు. మొదటి ఓవర్లో రెండు ఫోర్లు. నాకు గుండె దడ. రెండో ఓవర్నుంచి ఏం అనుకున్నాడో, ఆఫ్ స్టంప్ మీద ఒకటే చోట, ఒకటే చోట వేస్తూ పోయాడు. వేగం లేదు, స్వింగ్ లేదు. అవతలున్నవాడు అప్పటికే సెట్ అయిపోయినవాడు, పరుగులు రాక విసుగొచ్చి మిడాఫ్ మీదుగా లేపబోయాడు, అక్కడున్నవాడు రెండడుగులు వెనక్కేసి పట్టేశాడు. సాయంత్రం దాకా వాడి చేతే వేయించారు.

తిరుగు ప్రయాణంలో ప్యాసింజర్ ట్రైన్‌లో కిటికీ పక్కన కూర్చుని "మావయ్యా, భుజం లాగేస్తోంది, ఇంటికెళ్ళాక ఐస్ పెట్టాలి" అన్నాడు అంతే. ఎల్బీడబ్ల్యూ ఊసే ఎత్తలేదు. తర్వాతి ఏడాది కొన్ని జిల్లాలు కలిపి ఉండే జోన్ టీమ్‌కి తీసుకున్నది వాణ్ణి బౌలర్‌గానే, ఎనిమిదో నంబర్లో బ్యాటింగ్. ఈమధ్య అండర్-23 ప్రాబబుల్స్‌కి, అంటే టీమ్ ఎంపికకి ముందు వేసే పెద్ద లిస్టుకి పిలుపొచ్చింది. బౌలింగ్ లేకపోతే ఆ ఏడాదే ఇంటికి పంపించేసేవాళ్ళు, నేను రాసిస్తాను.

అందుకే నితీష్ విషయంలో నాకు 441 కన్నా ఆ తర్వాత వేసిన ఓవర్లే గొప్పగా కనిపిస్తాయి. పరుగులు రాని సీజన్లలో కూడా ఆంధ్ర టీమ్‌లో చోటు నిలబెట్టింది వాడి బౌలింగే. అలా నిలబడ్డాడు కాబట్టే 2023 ఐపీఎల్‌కి సన్‌రైజర్స్ హైదరాబాద్ 20 లక్షల బేస్ ప్రైస్‌కి, అంటే వేలం మొదలయ్యే ధరకే తీసుకుంది. ఆ ఏడాది ఆడించింది రెండు మ్యాచ్‌లే. 2024లో పంజాబ్ మీద 37 బంతుల్లో 64 కొట్టేదాకా హైదరాబాద్ వాళ్ళకే వాడెవడో సరిగ్గా తెలీదు. ఆ సీజన్లో 303 పరుగులు, ఎమర్జింగ్ ప్లేయర్ అవార్డు. రాత్రికి రాత్రి స్టార్ అయిపోయాడని టీవీల్లో చెప్పారు. ఏం రాత్రండీ, అంతకుముందు నాలుగేళ్ళు రంజీలో ఎండలో బౌలింగ్ వేశాడు.

ఆ నాలుగేళ్ళలో ఇంకో దెబ్బ కూడా ఉంది, జనం మర్చిపోయారు. 2020-21లో కోవిడ్ వల్ల రంజీ ట్రోఫీ జరగనేలేదు, 1934-35లో మొదలయ్యాక ఒక సీజన్ మొత్తం ఆగిపోవడం అదే మొదటిసారి. పెద్దవాళ్ళ సంగతి సరే, జూనియర్ టోర్నమెంట్లు పోయినవాళ్ళ గతేంటి? అండర్-16 ఆఖరి ఏడాదిలో ఉన్న పిల్లలకి ఆ ఏడాది మళ్ళీ ఇవ్వరు కదా. మా గ్రౌండ్‌లో అలా ఒక లెగ్ స్పిన్నర్ ఉండేవాడు, మంచి గూగ్లీ, వయసు దాటిపోయింది, ఇప్పుడు వాళ్ళ నాన్న షాపులో కూర్చుంటున్నాడు. వాడి గురించి ఎవరు వీడియో చేస్తారు?

వయసంటే గుర్తొచ్చింది, బోన్ టెస్ట్. ఎడమ చేతి మణికట్టు ఎక్స్‌రే తీసి ఎముక వయసు లెక్కేస్తారు, అండర్-16కి అదే ప్రమాణం. దొంగ సర్టిఫికెట్లు పెట్టి ఆడేవాళ్ళని ఆపడానికి పెట్టారు, పెట్టడం మంచిదే, మీసాలొచ్చినవాళ్ళు పన్నెండేళ్ళ పిల్లలకి బౌన్సర్లు వేయడం నేను చూశాను. కానీ త్వరగా ఎదిగే పిల్లలుంటారు, ఆస్పత్రిలో పుట్టి బర్త్ సర్టిఫికెట్ పక్కాగా ఉన్నా ఎముక పెద్దదని చెప్పి బయటికి పంపిస్తే ఆ పిల్లాడికి ఏం చెప్పుకుంటాం? మీ తమ్ముడికి ఆ గండం కూడా ఉంది, ముందే తెలుసుకుని ఉండండి.

డబ్బు సంగతి కూడా చెప్పేస్తాను. సీనియర్ రంజీలో ఇప్పుడు బాగానే ఇస్తున్నారు, 20 మ్యాచ్‌ల లోపు ఆడినవాళ్ళకి రోజుకి 40,000, అది దాటితే 50,000, 40 మ్యాచ్‌లు దాటితే 60,000, తుది జట్టులో లేనివాళ్ళకి అందులో సగం. అక్కడిదాకా వెళ్తే కుటుంబం నిలబడుతుంది. వెళ్ళేదాకా మాత్రం అంతా మన జేబులోంచే. ఇంగ్లిష్ విల్లో బ్యాట్ మంచిది కావాలంటే 20, 30 వేలు, అది విరిగిన రోజు ఇంట్లో ఎవరూ మాట్లాడరు.

పోనీ నితీష్ ఒక్కడే ఇలా కష్టపడ్డాడా అంటే, గుంటూరు కుర్రాడు షేక్ రషీద్‌ని చూడండి. 2022 అండర్-19 ప్రపంచకప్‌లో వైస్ కెప్టెన్, మధ్యలో కోవిడ్ వచ్చి కోలుకుని సెమీస్‌లో ఆస్ట్రేలియా మీద 94, ఫైనల్లో ఇంగ్లండ్ మీద 50. కప్పు గెలిచారు. 2023 సీజన్‌కి చెన్నై 20 లక్షలకి తీసుకుంది. ఐపీఎల్‌లో మొదటి మ్యాచ్ ఎప్పుడాడాడో తెలుసా? 2025 ఏప్రిల్‌లో. రెండు సీజన్లు పసుపు చొక్కా వేసుకుని కూర్చున్నాడు, అయినా ఆంధ్రకి ఆడటం మానలేదు. హైదరాబాద్ తిలక్ వర్మ 2018 డిసెంబర్లోనే, పదహారేళ్ళకి రంజీ ఆడాడు, ముంబై కోటీ 70 లక్షలకి కొన్నది మాత్రం 2022లో. వాళ్ళ నాన్నగారు ఎలక్ట్రీషియన్.

నాన్నల దగ్గరికొచ్చాం కాబట్టి ఇదొక్కటి అనేసి ఆపుతాను. నితీష్ వాళ్ళ నాన్నగారు ముత్యాలరెడ్డి గారు విశాఖ హిందుస్థాన్ జింక్‌లో పనిచేసేవారు, ఉదయ్‌పూర్ బదిలీ వస్తే కొడుకు ఆట కోసం వెళ్ళకుండా ఉద్యోగం వదిలేశారు. ఆ తర్వాత డబ్బులకి ఎంత ఇబ్బంది పడ్డారో, తండ్రి కన్నీళ్ళు పెట్టుకోవడం చూశాకే తను ఆటని సీరియస్‌గా తీసుకున్నాడని నితీష్ స్వయంగా చెప్పాడు. ఆయనంటే నాకు చాలా గౌరవం. మెల్‌బోర్న్‌లో వాడు 99 మీద ఉండి అటు బుమ్రా అవుటై, ఆఖరి బ్యాట్స్‌మన్ సిరాజ్ మూడు బాల్స్ కాచుకున్నప్పుడు స్టాండ్స్‌లో ఆయన ముఖం చూసి మా ఇంట్లో అందరం ఏడ్చాం. కానీ దాన్ని చూసి ఉద్యోగాలు మానేస్తున్న తండ్రుల్ని కూడా నేను గ్రౌండ్ల దగ్గర చూస్తున్నాను. వాళ్ళ పిల్లల్లో ఎంతమంది జోన్ దాటుతారు? పద్నాలుగేళ్ళ పిల్లాడు డకౌట్ అయి వచ్చి తండ్రి ముఖంలోకి చూడలేక బస్సులో వెనక సీట్లో కూర్చోవడం నాకస్సలు నచ్చదు. ఆ బరువు పిల్లాడి మీద పెట్టకండి.

కాబట్టి చదువు మానిపించొద్దు. ఇంటర్ పరీక్షలు రాయించండి, అటెండెన్స్ విషయంలో సర్దుకునే కాలేజీలుంటాయి, జిల్లా అసోసియేషన్ నుంచి లెటర్ తీసుకెళ్ళి ప్రిన్సిపాల్‌ని అడగండి. రేపు రైల్వేలో, పోలీసులో స్పోర్ట్స్ కోటా నోటిఫికేషన్ పడినా సర్టిఫికెట్ ఉండాలి. ఎన్నేళ్ళు పడుతుందంటే, నితీష్‌కి అండర్-16 అవార్డు నుంచి రంజీకి రెండేళ్ళు, రంజీ నుంచి జనానికి తెలియడానికి ఇంకో నాలుగేళ్ళు, అదీ అంతటివాడికి. మీవాడు అండర్-19 మొదటి ఏడాది పరుగులు చేయకపోతే కోచ్‌ని మార్చేయకండి, ఆ ఒక్క ఏడాది ఓపిక పట్టండి. బౌలింగ్ వేస్తాడా? లేదంటే కీపింగ్ అయినా చేస్తాడా? అది రాయలేదు మీరు. ఏ జిల్లానో కూడా చెప్పండి, ఉత్తరాంధ్ర అయితే టర్ఫ్ నెట్స్ ఎక్కడ దొరుకుతాయో నాకు తెలిసినవి కామెంట్‌లో రాస్తాను.