తమ్ముడు మీ టీమ్‌లో మిగిలిన ఆఖరి ప్లేయర్ కాదు

ప్రశ్న: నాకు 26 ఏళ్లు. పద్దెనిమిదో ఏట నుంచి ప్రొఫెషనల్ గేమర్‌ని. ఐదుగురు ఆడే షూటింగ్ గేమ్‌లో నాలుగేళ్లు మా టీమ్‌కి ఐజీఎల్‌ని, అంటే ఆటలో ఎవరు ఎటు కదలాలో చెప్పే కెప్టెన్‌ని. మొదట్లో నాన్న వద్దన్నారు. తొలి ప్రైజ్ మనీ ఇంట్లో ఇచ్చాక ఊరుకున్నారు. ఈమధ్య నన్ను బెంచ్ మీద కూర్చోబెట్టి, తర్వాత కాంట్రాక్ట్ పొడిగించకుండా వదిలేశారు. నా స్థానంలో పందొమ్మిదేళ్ల కుర్రాడు వచ్చాడు. ఇక పోటీలు చాలనుకున్నాను. ఇప్పుడు స్ట్రీమింగ్ చేయాలా, అంటే ఆడుతూ ఇంటర్నెట్‌లో లైవ్ పెట్టాలా, లేక ఈస్పోర్ట్స్ (గేమింగ్ పోటీల) కామెంటరీలోకి వెళ్లాలా తేల్చుకోలేకపోతున్నాను. ఎడిటింగ్, చాట్ చూసుకోవడం తమ్ముడు చేస్తాడు. వాడికి 21 ఏళ్లు. డిగ్రీ చివరి పరీక్షలు రాయలేదు, ఎలాగూ ఇంట్లోనే ఉంటున్నాడు. ఇదివరకు నా వీడియోలన్నీ వాడే చూసుకునేవాడు. ఈమధ్య నాతో సరిగా మాట్లాడటం లేదు, అదొక టెన్షన్. నాన్నేమో ‘ఇద్దరూ ఇలాగే గది తలుపులు వేసుకుని కూర్చుంటారా?’ అంటున్నారు. స్ట్రీమింగా, కామెంటరీయా? నాన్నను ఎలా ఒప్పించాలి?

జవాబు: రెండో ప్రశ్న సంగతి ముందు తేల్చేద్దాం. నాన్నను ఒప్పించాల్సిన అవసరం మీకు లేదు. పద్దెనిమిదేళ్లప్పుడు ఆయన వద్దన్నా వెళ్లారు, నిలబడ్డారు. ఇరవయ్యారేళ్లొచ్చాక మళ్లీ అనుమతి అడుగుతున్నారంటే అది ఆయన మీద గౌరవమని నేననుకోను. రేపు ఈ నిర్ణయం బెడిసికొడితే ‘నువ్వు కూడా సరేనన్నావుగా’ అనడానికి ఒక మనిషి కావాలి, అంతే. ఆయనతో వాదన పెట్టుకోకండి. చేతిలో ఎంత ఉంది, ఎన్నాళ్లు ప్రయత్నిస్తారు, కుదరకపోతే ఏం చేస్తారు, ఈ మూడూ ఎదురుగా కూర్చుని చెప్పండి. గొణిగితే గొణగనివ్వండి. తండ్రులు గొణుగుతారు.

అయితే ఆయన అన్న మాట మీరు సగమే విన్నారు. ఆయన అడిగింది ఇద్దరు కొడుకుల గురించి. మీరు నాకు రాసింది ఒక్కరి గురించి.

ఉత్తరమంతా మీ కాంట్రాక్ట్, మీ స్థానం, మీ తర్వాతి అడుగు. మధ్యలో తమ్ముడి గురించి నాలుగు ముక్కలు. వాడు చేస్తాడట, వాడు ఇంట్లోనే ఉంటున్నాడట, వాడు సరిగా మాట్లాడటం లేదట. ‘అడిగాను, ఒప్పుకున్నాడు’ అన్న మాట ఎంత వెతికినా దొరకలేదు. పరీక్షలు ఎందుకు రాయలేదో కూడా రాయలేదు. మీకు తెలియకపోతే అది ఘోరం. తెలిసీ రాయకపోతే ఇంకా ఘోరం. ఆ పరీక్షల రోజుల్లో మీకు ఏ టోర్నమెంట్ నడుస్తోందో, దాని వీడియోలు రాత్రిళ్లు ఎవరు కూర్చుని కోశారో ఒకసారి గుర్తు చేసుకోండి. నా ఊహ తప్పయితే సంతోషిస్తాను.

‘ఎడిటింగ్, చాట్ చూసుకోవడం’ అని రెండు మాటల్లో తేల్చేశారు. ఆ పనేమిటో విడమర్చి చూద్దాం. మీరు ఆరు గంటలు లైవ్‌లో ఉంటే ఆ ఆరు గంటలూ చూసేవాళ్లు రాసే చాట్ ముందు ఒక మనిషి కూర్చోవాలి. లైవ్ అయిపోయాక మీరు హెడ్‌సెట్ తీసి పడుకుంటారు. అతని అసలు పని అప్పుడు మొదలవుతుంది. ఆరు గంటల రికార్డింగులో పనికొచ్చే పది నిమిషాలు వెతకాలి. ఫోన్‌లో నిలువుగా చూసేవాళ్లకు చిన్న క్లిప్పులు, యూట్యూబ్‌కి పొడుగు వీడియో, థంబ్‌నెయిల్, టైటిల్. వెనకాల మోగిన పాట మీద కాపీరైట్ గొడవ వస్తే ఆ ముక్క తీసేయాలి. స్పాన్సర్ల మెయిల్స్‌కి జవాబులు రాయాలి. తెల్లారేసరికి అన్నీ పోస్ట్ అయి ఉండాలి, ఎందుకంటే మధ్యాహ్నానికి మీరు మళ్లీ లైవ్.

ఇక చాట్ సంగతి. మాడరేటర్ పని తిట్లు తొలగించడం. తొలగించాలంటే ముందు చదవాలి కదా! టీమ్ తీసేసిన కెప్టెన్ లైవ్ పెడితే జనం ఏమేం రాస్తారో మీకు నేను చెప్పనక్కర్లేదు. వీడి పని అయిపోయింది, కుర్రాడొచ్చాకే టీమ్ బాగుపడింది, ఇంకా నీచమైనవి. అవన్నీ మీ కంట పడకుండా మీ తమ్ముడు ముందు చదువుతాడు, రాత్రి తర్వాత రాత్రి. జీతానికి కంటెంట్ మాడరేషన్ చేసినవాళ్లు ఆ పని వల్ల మానసికంగా దెబ్బతిన్నామని కోర్టుకెక్కితే, ఫేస్‌బుక్ 2020లో 5.2 కోట్ల డాలర్లు చెల్లించేందుకు ఒప్పుకుని రాజీపడింది. వాళ్లు చూడాల్సి వచ్చినవి మీ చాట్ కంటే ఎన్నో రెట్లు ఘోరం, కాదనను. కానీ వాళ్లు సొంత అన్న మీద రాతలు చదవలేదు.

అతను మీతో సరిగా మాట్లాడటం లేదంటే నాకు ఆశ్చర్యంగా లేదు.

కొంచెం కటువుగా చెబుతాను, ఓర్చుకోండి. నాలుగేళ్లు మీరు నోరు తెరిస్తే నలుగురు కదిలారు. ఐజీఎల్ అన్నాక అది తప్పదు. రౌండ్ మధ్యలో ‘నీకు ఇష్టమేనా నాయనా’ అని ఎవరూ అడగరు. ఇప్పుడు ఆ నలుగురూ వేరే వాళ్ల మాట వింటున్నారు. మీ మాటకు కదిలేవాడు ఇంట్లో ఒక్కడు మిగిలాడు. అతణ్ని కూడా రోస్టర్‌లో రాసేసుకున్నారు. ఆ నలుగురికైనా కాంట్రాక్ట్ ఉంది, జీతం ఉంది, నచ్చకపోతే వేరే టీమ్‌కి పోయే దారి ఉంది. తమ్ముడికి ఇవేవీ లేవు. ఉన్నదల్లా అన్న అడిగితే కాదనలేకపోవడం. దాన్ని మీరు ప్రేమ అనుకుంటున్నారు. ప్రేమే, సందేహం లేదు. దాని మీద ఒక వ్యాపారం నిలబెట్టడం మాత్రం నాకు నచ్చదు.

‘ఇంట్లోవాళ్ల మధ్య లెక్కలేమిటండీ’ అంటారని తెలుసు. నాకు వచ్చే ఉత్తరాల్లో అన్నదమ్ములు విడిపోయినవి చాలానే ఉంటాయి. ఎక్కువ భాగం మొదట్లో లెక్కలొద్దనుకున్నవాళ్లవే. లైవ్ పెట్టే సైట్ ట్విచ్ మామూలు స్ట్రీమర్‌కి, చూసేవాళ్లు కట్టే సబ్‌స్క్రిప్షన్ డబ్బులో సగం ఇచ్చి మిగతా సగం తను ఉంచుకుంటుంది. మొహం కూడా చూడని కంపెనీకి సగం వదులుకోవడానికి మీకు అభ్యంతరం ఉండదు, అది రూల్ కాబట్టి. పక్క గదిలో కూర్చుని ఆ చానెల్‌ని నడిపే మనిషి దగ్గరికి వచ్చేసరికి వాటా అన్న మాటే అమర్యాద అయిపోతుందా?

మీ రంగంలోనే ఒక అన్నదమ్ముల జత ఉంది, మీరు వినే ఉంటారు. టేస్ట్‌లెస్ అనే నిక్ ప్లాట్, డే నైన్ అనే షాన్ ప్లాట్. ఇద్దరూ స్టార్‌క్రాఫ్ట్ ఆడుతూ పెరిగారు, ఇద్దరూ పోటీల్లో ఆడారు, ఇద్దరూ ఆట నుంచి మైకు వైపు వచ్చారు. అన్న కొరియా వెళ్లి అక్కడి లీగులకు ఇంగ్లీషులో కామెంటరీ చెప్పి పేరు తెచ్చుకున్నాడు. తమ్ముడు 2009లో సొంతంగా ఒక షో మొదలుపెట్టాడు. మ్యాచ్‌లను విడదీసి, ఎవరు ఎందుకు గెలిచారో పాఠం చెప్పినట్టు చెప్పేవాడు. ఒకే టోర్నమెంట్‌లో పక్కపక్కన కూర్చుని కామెంటరీ చెప్పిన సందర్భాలూ ఉన్నాయి. వాళ్ల ఇంట్లో ఏమేం గొడవలయ్యాయో నాకేం తెలుసు? బయటికి కనబడేది మాత్రం ఒక్కటే. ఎవరి పేరు వాళ్లది. తమ్ముడంటే అన్నగారి ఎడిటర్ అని అక్కడ ఎవరూ అనరు. మీ తమ్ముడికి మైకు మోజు ఉందో లేదో నాకు తెలియదు, మీకూ తెలియదనే నా అనుమానం. అతనికి ఏ మోజు ఉందో చివరిసారి ఎప్పుడు అడిగారు?

ఇక మీ మొదటి ప్రశ్న. నన్నడిగితే కామెంటరీ. కారణాలు చెబుతాను.

కామెంటరీ డెస్కులో మామూలుగా ఇద్దరుంటారు. ఒకరు జరుగుతున్నది జరుగుతున్నట్టు చెబుతూ ఊపు తెస్తారు, ఇంకొకరు అది ఎందుకు జరిగిందో చెబుతారు. మొదటి కుర్చీకి గొంతు, ఊపిరి, వేగం కావాలి. రెండోది మాజీ ఆటగాళ్లకు దగ్గరి దారి, అందులోనూ ఐజీఎల్‌కి. ఎదుటి టీమ్ ఈ రౌండ్‌లో ఆటలోని డబ్బు ఎందుకు దాచుకుంటోంది, స్మోక్ (పొగబాంబు) అక్కడే ఎందుకు వేశారు అన్నవి మీరు రోజూ ఆలోచించినవే. కష్టమల్లా అవి తెలియనివాళ్లకు, తర్వాతి రౌండ్ మొదలయ్యేలోపు, రెండు వాక్యాల్లో చెప్పడం. టీమ్‌లో వాడే పొడిమాటలు అక్కడ పనికిరావు. ఇంకో ఇబ్బంది ఉంది. తెర మీద ఏం చూపించాలో నిర్ణయించేది అబ్జర్వర్, మీరు కాదు. మీ మనసు మ్యాప్ ఆ చివర ఉన్నా, చూసేవాడి కంటికి కనబడుతున్న దాని గురించే మాట్లాడాలి. అన్నేళ్లు ఆజ్ఞలిచ్చిన మనిషికి ఇది మంచి మందు.

పాత మ్యాచ్ ఒకటి పెట్టి, సౌండ్ తీసేసి, మీరే కామెంటరీ చెప్పి రికార్డ్ చేసుకోండి. తర్వాత వినండి. మొదట్లో సిగ్గేస్తుంది. చిన్న ఆన్‌లైన్ టోర్నమెంట్లకు మంచి గొంతు దొరకడం కష్టం, వాళ్లను అడగండి, డబ్బు తక్కువైనా ఒప్పుకోండి. ఈ పని ఎక్కువగా ఫ్రీలాన్స్, టోర్నమెంట్‌కి ఇంత అని ఇస్తారు. సీజన్లో ఊపిరాడదు, తర్వాత నెలల తరబడి ఖాళీ. నాన్నకు చెప్పే లెక్కలో ఈ సంగతి దాచకండి. మీ పాత టీమ్ ఆడుతున్నప్పుడు, ముఖ్యంగా ఆ పందొమ్మిదేళ్ల కుర్రాడు బాగా ఆడినప్పుడు, నోరారా మెచ్చుకోగలరా? మెచ్చుకోలేకపోతే ఈ కుర్చీ మీది కాదు.

స్ట్రీమింగ్‌లో బాగుపడ్డ మాజీ ఆటగాళ్లు లేరా అంటే ఉన్నారు. లీగ్ ఆఫ్ లెజెండ్స్ ఆడిన ఇమాక్యూటీపై 2014లో టీమ్ వదిలి స్ట్రీమింగ్‌కి వెళ్లి పెద్ద పేరు సంపాదించాడు. కౌంటర్ స్ట్రైక్ ఆడిన ష్రౌడ్ 2018లో పోటీల నుంచి తప్పుకుని స్ట్రీమింగ్‌లో స్థిరపడ్డాడు, 2022లో ఇంకో ఆటలో కొన్నాళ్లు పోటీలకు తిరిగొచ్చాడు కూడా. వాళ్లను చూసి అంచనా వేసుకోకండి. ప్రొఫెషనల్ అని చూడ్డానికి వచ్చినవాళ్లు కొన్నాళ్లకు కొత్త ప్రొఫెషనల్ దగ్గరికి పోతారు. మీ మాట, మీ నవ్వు నచ్చినవాళ్లే మిగులుతారు. వాళ్ల కోసం రోజూ ఒకే వేళకు కనబడాలి. వారం సెలవు తీసుకుంటే సబ్‌స్క్రిప్షన్లు జారిపోతుంటాయి. పైగా ఇది ప్రాక్టీస్ రోజుల్లాంటి జీవితమే. అదే కుర్చీ, అవే రాత్రిళ్లు. చైనా ఆటగాడు ఉజీ 2020లో 23 ఏళ్లకే తప్పుకుంటూ, ఒత్తిడి, వేళాపాళా లేని తిండి, నిద్ర లేని రాత్రులతో టైప్ 2 మధుమేహం వచ్చిందని చెప్పాడు. ఆ రాత్రులు మీవైతే మీ ఇష్టం. మీతోపాటు ఇంకొకరివి కూడా పోతున్నాయి.

కామెంటరీ అనడానికి అసలు కారణం అదే. అక్కడికి మీ గొంతు తీసుకుని మీరొక్కరే వెళ్లొచ్చు. స్ట్రీమింగ్‌కి మాత్రం మీ ప్లాన్‌లో తమ్ముడు తప్పనిసరి. చేయాలనే ఉంటే చిన్నగా, మీ క్లిప్పులు మీరే కోసుకుంటూ, వారానికి రెండుసార్లు మొదలుపెట్టండి. కోయడం నేర్చుకుంటే అతను ఇన్నాళ్లు ఏం చేశాడో కూడా తెలుస్తుంది.

తమ్ముడితో మాట్లాడేటప్పుడు చానెల్ ఊసు మొదట ఎత్తకండి. కంప్యూటర్ ఉన్న గదిలో అసలు వద్దు, బయటికి తీసుకెళ్లండి. పరీక్షల గురించి అడగండి, నాన్న పంపిన దూతలా కాకుండా అన్నలా. ‘నీవల్లే’ అంటే వినండి. ‘అదేం లేదులే’ అంటే నమ్మేయకండి, రెండోసారి అడగండి. తర్వాత ఎప్పుడో, ఈ పని చేయడం ఇష్టమేనా అని అడిగి, ‘కాదు’ అంటే ఏమీ జరగదని ముందే మాటివ్వండి. ఇష్టమేనంటే వాటా ఎంత, రోజుకు ఎన్ని గంటలు, ఎప్పుడు మానేయవచ్చు అన్నవన్నీ కాగితం మీద రాసుకోండి. వీడియో కింద అతని పేరు ఉండాలి. చాట్‌కి మాత్రం వేరే మనిషిని చూసుకోండి, అతను చేస్తానన్నా సరే.

ముందు ఆ పరీక్షల ఫీజు కట్టే గడువు ఎప్పుడో కనుక్కోండి. మీ స్ట్రీమ్ తేదీ ఆ తర్వాత చూసుకోవచ్చు.