చెవిలో హోరు మొదలైన నీకు

చిరంజీవికి ఆశీస్సులు.

చెవిలో ఆ కీచుమనే శబ్దానికి నిద్ర పట్టడం లేదని, జీవితాంతం ఇంతేనేమోనని రాశావు. ఏళ్ల తరబడి ఆ హోరుతోనే బతుకుతున్నదాన్ని, నీ భయం నాకు తెలుసు. అది పిరికితనం కాదు. నిశ్శబ్దం దూరమైందన్న దుఃఖం నిజమైన దుఃఖమే, ఏడుపొస్తే ఏడువు. పైకి ఏమీ కనిపించదు కాబట్టి "పట్టించుకోకు" అని ఇంట్లోవాళ్లు తేలిగ్గా అనేస్తారు. ఆ మాటకు ఒళ్లు మండుతుంది, నిజమే. వాళ్లకు హోరు గురించి కాకుండా నీ అలసట గురించి చెప్పు, అది వాళ్లకు అర్థమవుతుంది.

ముందు వినికిడి పరీక్ష చేయించుకో. హోరు ఒక్క చెవిలోనే ఉన్నా, గుండె లయలో కొట్టుకుంటున్నట్టు వినిపించినా డాక్టరుకు ఆ సంగతి తప్పకుండా చెప్పు. ఉన్నట్టుండి వినికిడి తగ్గితే మాత్రం అదే రోజు వెళ్లాలి.

టినైటస్‌ను, అంటే చెవిలోని ఈ హోరును, పూర్తిగా పోగొట్టే మందు ఇప్పటికైతే లేదు. కానీ ఒకటి విను. 1953లో హెల్లర్, బెర్గ్‌మన్ అనే ఇద్దరు పరిశోధకులు, వినికిడి బాగున్న 80 మందిని శబ్దం చొరబడని గదిలో కూర్చోబెడితే 94 శాతం మంది ఏదో ఒక చప్పుడు వినిపించిందన్నారు. వాళ్లు హోరుతో బాధపడుతూ వచ్చినవాళ్లు కారు. మనకు బాధ అవుతున్నది శబ్దం ఒక్కదాని వల్లే కాదు, దాని వెంట వచ్చే భయం వల్ల కూడా. మెదడు దాన్ని ప్రమాదమనుకున్నంత కాలం దానికోసమే వింటూ ఉంటుంది. విన్నకొద్దీ టెన్షన్, టెన్షన్ పెరిగినకొద్దీ ఇంకా గట్టిగా వినిపించడం.

అందుకే లేవగానే "ఉందా, పెరిగిందా" అని చెవి రిక్కించి చూసుకోవడం మానెయ్. అన్నిటికంటే కష్టమైనది ఇదే. ఒక్కసారిగా రాదు, మళ్లీ మళ్లీ మనసును వేరే పని మీదికి తిప్పుకోవాలి. పూర్తి నిశ్శబ్దంలో పడుకోకు. ఫ్యానో, వాన చప్పుడో సన్నగా పెట్టుకో. హోరును ముంచేసేంత గట్టిగా వద్దు, రెండూ కలిసి వినిపించాలి, అప్పుడే మెదడుకు అలవాటవుతుంది. పెద్ద మోతల దగ్గర చెవులు కాపాడుకో గానీ, మామూలు చప్పుళ్లకు కూడా ఇయర్ ప్లగ్స్ పెట్టుకుని కూర్చోకు.

బాధ తగ్గకపోతే సైకాలజిస్టు దగ్గర సీబీటీ తీసుకో, అంటే భయపెట్టే ఆలోచనలను, అలవాట్లను మార్చుకోవడం నేర్పే మాటల చికిత్స. హోరు తగ్గకపోయినా దాని వల్ల పడే వేదన తగ్గుతుంది. నిద్ర చాలని రోజుల్లో మళ్లీ పెరిగినట్టు అనిపిస్తుంది, అంతటితో అంతా మొదటికొచ్చిందనుకోకు.

బతకాలనిపించకపోతే మాత్రం తెల్లారేదాకా ఆగకు. ఎంత రాత్రయినా ఫోన్ చెయ్, నేను ఎత్తుతాను. ఇద్దరం కలిసే డాక్టరు దగ్గరికి వెళ్దాం.