మీ ప్రశ్నలు – మా జవాబులు: యిర్జీ త్రంకా బొమ్మలు

బొమ్మల సినిమాల గురించి, అంటే చెక్కిన బొమ్మలను కొంచెం కొంచెంగా జరుపుతూ కెమెరాతో తీసే సినిమాల గురించి, గత సంచికలో వేసిన చిన్న పరిచయంలో చెక్ దర్శకుడు యిర్జీ త్రంకా ప్రస్తావన ఒక్క వాక్యంలో వచ్చింది. ఆ ఒక్క వాక్యం పట్టుకుని చాలామంది పాఠకులు ఉత్తరాలు రాశారు. వాటిలో పదేపదే కనిపించిన నాలుగు ప్రశ్నలను ఎంచుకుని, ఈసారి శీర్షిక మొత్తాన్ని ఆయనకే కేటాయిస్తున్నాం.

ప్రశ్న: త్రంకాను 'తూర్పు ఐరోపా వాల్ట్ డిస్నీ' అంటారని చదివాను. ఆ పోలిక సరైనదేనా? అసలు ఆయన సినిమాల్లోకి ఎలా వచ్చారు?
(ఒక పాఠకుడు, వరంగల్)

జవాబు: ఆ బిరుదు ఆయనకు ఉన్న మాట నిజమే. కానీ ఆయన పనిని అర్థం చేసుకోవడానికి అది సాయపడకపోగా అడ్డు తగులుతుందని నా అభిప్రాయం. డిస్నీ ప్రధానంగా స్టూడియోను నడిపిన నిర్మాత. త్రంకా చివరిదాకా చిత్రకారుడిగానే ఉన్నారు. బొమ్మలు చెక్కడం, బొమ్మలు గీయడం ఆయనకు సినిమా కంటే ముందే అబ్బిన విద్యలు.

ఆయన 1912 ఫిబ్రవరి 24న ఇప్పటి చెక్ దేశంలోని పశ్చిమ బొహీమియా ప్రాంతంలో, ప్ల్జెన్ నగరంలో పుట్టారు. తల్లి బట్టలు కుట్టేది. చిన్నప్పుడే బొమ్మలు తయారుచేసి తోటి పిల్లలకు ఆటలు ఆడి చూపించేవాడట. బడిలో ఆయనకు డ్రాయింగ్ నేర్పిన మాస్టారు మామూలు మనిషి కాదు. ష్పేబ్ల్, హుర్వీనెక్ అనే తండ్రీకొడుకుల బొమ్మలతో చెక్ దేశమంతటా పేరు తెచ్చుకున్న యోసెఫ్ స్కూపా. కుర్రవాడి చేతిలోని పనితనాన్ని గుర్తించి, తన బొమ్మలాట బృందంలో పని ఇచ్చి, తర్వాత ప్రాగ్‌లోని అనువర్తిత కళల పాఠశాలకు వెళ్లేలా దారి చూపింది ఆయనే. చదువు ముగిశాక 1936లో త్రంకా సొంతంగా ఒక కొయ్యబొమ్మల నాటకశాల పెట్టారు కానీ అది ఎక్కువ కాలం నిలవలేదు. ఆ తర్వాత నాజీల ఆక్రమణ కాలమంతా పిల్లల పుస్తకాలకు బొమ్మలు వేస్తూ, నాటకాలకు రంగాలంకరణ చేస్తూ గడిపారు.

1945లో యుద్ధం ముగియగానే ప్రాగ్‌లో కొందరు యువ చిత్రకారులు కలిసి ఒక కార్టూన్ స్టూడియో మొదలుపెట్టి, త్రంకాను నాయకుడిగా పిలిచారు. దానికి వాళ్లు పెట్టుకున్న పేరు 'బ్రాత్రీ వ్ త్రికు'. అందులో చక్కని శ్లేష ఉంది. 'బనియన్లు తొడుక్కున్న అన్నదమ్ములు' అనీ, 'ట్రిక్ సినిమాలు (కెమెరా మాయతో బొమ్మలను కదిలించే సినిమాలు) తీసే అన్నదమ్ములు' అనీ రెండర్థాలూ వస్తాయి. ఆ ఏడాదే ఆయన మొదటి కార్టూన్, తాత నాటిన దుంప కథ, తయారైంది. మరుసటి ఏడాది తీసిన 'జంతువులూ దొంగలూ' కథాచిత్రం 1946లో ఫ్రాన్స్‌లో తొలిసారి జరిగిన కాన్ చిత్రోత్సవంలో బహుమతి గెలుచుకుంది. రంగంలోకి దిగిన ఏడాదికే అంతర్జాతీయ గుర్తింపు వచ్చిందంటే ఇంకొకరైతే అదే దారిలో సాగిపోయేవారు. త్రంకాకు మాత్రం తృప్తి కలగలేదు. కార్టూన్ సినిమాలో దర్శకుడు గీసిన గీతను పదులమంది సహాయకులు మళ్లీ మళ్లీ గీస్తారు, చివరికి తెర మీద కనిపించేది ఆయన గీత కాదు. బొమ్మ అలా కాదు. తాను చెక్కి రంగు వేసిన ముఖమే కెమెరా ముందుకు వస్తుంది. అందుకే 1946లోనే బొమ్మల సినిమాల కోసం వేరే స్టూడియో ఏర్పాటు చేసుకున్నారు. డిస్నీ పోలిక ఇక్కడే తెగిపోతుంది.

ఆ స్టూడియో నుంచి వచ్చిన మొదటి పెద్ద చిత్రం 'ష్పాలీచెక్' (1947). చెక్ పల్లెల్లో ఏడాది పొడవునా జరిగే పండుగలనూ జాతరలనూ ఆరు భాగాలుగా చూపించే చిత్రమది. 1949లో డెన్మార్క్ రచయిత ఆండర్సన్ కథ ఆధారంగా చక్రవర్తి, నైటింగేల్ పిట్టల చిత్రం, 1950లో 'బాయాయా' అనే రాకుమారుడి కథ, 1953లో 'పాత చెక్ గాథలు', 1955లో చెక్ రచయిత హాషెక్ నవలలోని సైనికుడు ష్వేయ్క్, 1959లో షేక్‌స్పియర్ 'నడివేసవి రాత్రి కల' వరుసగా వచ్చాయి. చివరిది వెడల్పు తెర కోసం తీసిన బొమ్మల సినిమా. అందులో మాటలు దాదాపు లేవు, నృత్యనాటికలా సాగుతుంది. ఇక్కడ సంగీత దర్శకుడు వాత్స్లావ్ త్రొయాన్ పేరు చెప్పకపోతే అన్యాయమవుతుంది. త్రంకా బొమ్మలు మాట్లాడకపోయినా మనకు ఆ లోటు తెలియకపోవడానికి సగం కారణం ఆయన సంగీతమే.

ప్రశ్న: ఆయన బొమ్మల ముఖాల్లో కళ్లు ఆడవు, పెదవులు కదలవు. అయినా చూస్తున్నప్పుడు అవి నవ్వుతున్నట్టూ ఏడుస్తున్నట్టూ అనిపించింది. ఇది నా భ్రమా, లేక ఇందులో ఏదైనా కిటుకు ఉందా?
(ఒక పాఠకురాలు, కాకినాడ)

జవాబు: మీ భ్రమ కాదండీ. మీకు అలా అనిపించాలనే ఆయన అంత శ్రమ పడ్డారు.

ముందుగా పని జరిగే తీరు చెబుతాను. లోపల కీళ్లున్న లోహపు అస్థిపంజరం, దాని మీద శరీరం, దుస్తులు, పైన చెక్కిన తల. ఆ బొమ్మను ఒక భంగిమలో నిలబెట్టి ఒక ఫ్రేము, అంటే ఒక్క నిశ్చల చిత్రం, తీస్తారు, చేతిని వెంట్రుకవాసి జరిపి మరో ఫ్రేము తీస్తారు. తెర మీద ఒక్క సెకను గడవాలంటే 24 ఫ్రేములు కావాలి, అంటే నిమిషానికి 1,440. ఒక్కో భంగిమను రెండేసి ఫ్రేముల చొప్పున తీసి పని తగ్గించుకున్నా, నిమిషానికి 720 సార్లు ఎవరో ఒకరు లైట్ల వేడిలో వంగి ఆ బొమ్మను ముట్టుకోవాల్సిందే.

అదే కాలానికి చెందిన మరికొందరు దర్శకులు ముఖభావాల కోసం వేరే పద్ధతి వాడారు. హంగేరీలో పుట్టి అమెరికాలో స్థిరపడిన జార్జ్ పాల్ ఒకే పాత్రకు నవ్వే తల, ఏడ్చే తల, నోరు తెరిచిన తల ఇలా ఎన్నో తలలు చెక్కించి, ఫ్రేముకొకటి చొప్పున మార్చేవారు. త్రంకా ఆ దారిని కావాలనే వదిలేశారు. బొమ్మ మనిషిని అనుకరించడం మొదలుపెడితే అది నకిలీ మనిషిగా మిగులుతుందే తప్ప బొమ్మగా దానికున్న నిండుతనం పోతుంది. ఆయన సినిమాలు చూస్తుంటే ఈ నమ్మకం ప్రతి దృశ్యంలోనూ కనిపిస్తుంది.

మరి భావం ఎక్కడి నుంచి వస్తుంది? ఆయన దగ్గర యానిమేటరుగా, అంటే ఫ్రేము ఫ్రేముకూ బొమ్మను కదిలించేవాడిగా, పనిచేసి, తర్వాత తానూ గొప్ప దర్శకుడైన బ్రెతిస్లావ్ పొయార్ దీని గురించి చెప్పారు. త్రంకా బొమ్మల కళ్లను ఎప్పుడూ ఇదమిత్థమని చెప్పలేని చూపుతో చిత్రించేవారట. తల తిప్పినా, వెలుతురు మారినా అదే ముఖం ఒకసారి నవ్వుతున్నట్టు, ఇంకోసారి దిగులుగా, మరోసారి ఏదో కలగంటున్నట్టు కనిపించేది. దీన్ని మీరే ఇంట్లో పరీక్షించి చూడవచ్చు. ఒక కొయ్యబొమ్మను దీపం ముందు పెట్టి, తలను బొటనవేలి మందం కిందికి వంచండి. కనుబొమల నీడ కళ్ల మీదికి జారుతుంది, పెదవి కింద చీకటి చేరుతుంది, ముఖం చిన్నబోతుంది. అదే తలను పైకెత్తి దీపాన్ని కొంచెం పక్కకు జరపండి, బుగ్గ మీద వెలుగు పడి ముఖం విప్పారుతుంది. బొమ్మ మారలేదు, మారింది నీడ. పెదవిని కచ్చితమైన నవ్వుతో చెక్కి ఉంటే ఇది సాధ్యమయ్యేది కాదు, ఎందుకంటే అప్పుడు దుఃఖంలో కూడా ఆ నవ్వు చెరగదు.

దీనికి తోడు నిలకడ. అనుభవం లేని యానిమేటరు బొమ్మ ఆగిపోతే ప్రాణం పోతుందేమోనని భయపడి ఎప్పుడూ ఏదో ఒకటి కదిలిస్తూనే ఉంటాడు. త్రంకా బృందం బొమ్మను ఆపగలిగేది. ఆగిన ఆ రెండు మూడు సెకన్లలో బొమ్మ ఏమనుకుంటోందో మనం ఊహించుకోవడం మొదలుపెడతాం. మీరు చూసిన నవ్వూ ఏడుపూ అలా పుట్టినవే.

ప్రశ్న: ఆయన స్టూడియో ప్రభుత్వ సొమ్ముతో నడిచింది కదా. ప్రభుత్వాన్ని తప్పుపట్టే 'చేయి' అనే చిత్రం అక్కడే ఎలా తయారైంది? అందులోని ఆ చేయి ఎవరిది?
(ఒక పాఠకుడు, గుంటూరు)

జవాబు: 1945 ఆగస్టులో చెకోస్లొవేకియా (చెక్‌లు, స్లొవాక్‌ల నాటి ఉమ్మడి దేశం) ప్రభుత్వం సినిమా పరిశ్రమను జాతీయం చేసింది. 1948 ఫిబ్రవరిలో అధికారం పూర్తిగా కమ్యూనిస్టుల చేతికి వచ్చింది. దీనివల్ల త్రంకాకు మేలూ జరిగింది, దాన్ని దాచకూడదు. టిక్కెట్ల అమ్మకాల మీద బతకాల్సిన స్టూడియో ఏదీ ఆయనకు అంత తీరికను, అంతమంది పనివాళ్లను ఇచ్చి ఉండేది కాదు. పైగా జానపద కథలు, పురాగాథలు పాలకులకు అభ్యంతరం లేని విషయాలు. దాదాపు ఇరవై ఏళ్లు ఈ ఒప్పందం సాగింది. 1960ల ఆరంభంలో ఆయన గొంతు మారింది. 1962 నాటి 'సైబర్నెటిక్ అమ్మమ్మ'లో చిన్నపిల్లను నిజమైన అమ్మమ్మ నుంచి వేరుచేసి, ఒక యంత్రానికి అప్పగిస్తారు. ఆ చిత్రంలోని ఆప్యాయత లేని చల్లదనం పాత త్రంకాను ఎరిగినవాళ్లకు కొత్తగా అనిపించింది.

'చేయి' (చెక్ భాషలో 'రూకా') 1965లో వచ్చింది. నిడివి 18 నిమిషాలు. కథ చాలా చిన్నది. ఒక గదిలో ఒక కుమ్మరి ఉంటాడు. హాస్యగాడి దుస్తులు, గుండ్రని ముఖం. అతనికి ఒకే మొక్క, ఆ మొక్కకో మంచి కుండ చేయాలన్నదే అతని కోరిక. పొద్దున్నే లేచి మొక్కకు నీళ్లు పోసి చక్రం ముందు కూర్చుంటాడు. తలుపు చప్పుడవుతుంది. తొడుగు వేసుకున్న ఒక పెద్ద చేయి లోపలికి వచ్చి, కుండ వద్దు, నా విగ్రహం చెయ్యి అంటుంది. అతను వద్దంటాడు. చేయి మళ్లీ వస్తుంది. డబ్బు చూపిస్తుంది, టెలివిజన్ పెట్టి చరిత్రలోని గొప్ప గొప్ప చేతులను చూపిస్తుంది, నల్లని జాలీ తొడుగు వేసుకుని ఆడదానిలా మురిపిస్తుంది. ఏదీ పారకపోయేసరికి కాళ్లకూ చేతులకూ దారాలు కట్టి, పంజరంలో పెట్టి, తన విగ్రహాన్ని చెక్కిస్తుంది. మెడలో పతకాలు వేస్తుంది. అతను కొవ్వొత్తి మంటతో బంధాలు తెంచుకుని ఇంటికి పారిపోతాడు, తలుపులకు పలకలు కొట్టుకుంటాడు. ఆ కంగారులో బీరువా మీద పెట్టిన అతని పూలకుండీ జారి అతని తల మీదే పడుతుంది. చనిపోయిన అతనికి ఆ చేయే ఘనంగా అంత్యక్రియలు జరిపి, సెల్యూట్ చేస్తుంది.

ఆ చేయి ఎవరిదని అడిగారు. పాలకుడిదని చాలామంది చెబుతారు, అది నిజం. అయితే ఒక విషయం గమనించండి. ఆ చిత్రంలో కుమ్మరి బొమ్మ, చేయి మాత్రం నిజమైన మనిషి చేయి. బొమ్మల సినిమాలో మనిషి చేయి ఎప్పుడూ ఉంటుంది, ప్రతి ఫ్రేముకూ ముందు వచ్చి బొమ్మను కదిలించి, కెమెరా తెరుచుకునే లోపు తప్పుకుంటుంది. ఇరవై ఏళ్లుగా త్రంకా తెర వెనక దాచి ఉంచిన ఆ చేతినే చివరి చిత్రంలో తెర మీదికి తెచ్చారు. 'ఫలానావారి చేతిలో కీలుబొమ్మ' అని మనం వాడే మాటకు ఇంతకంటే సూటిగా బొమ్మ కట్టిన చిత్రాన్ని నేను చూడలేదు. బొమ్మను కదిలించే శక్తి ఎంత ప్రేమగా ఉండగలదో, ఎంత క్రూరంగా ఉండగలదో జీవితమంతా ఆ పని చేసినవాడికే తెలుస్తుంది. కుమ్మరి ముఖం మొదటినుంచి చివరిదాకా మారదు, పంజరంలోనూ అదే ముఖం, పతకాల మధ్యనూ అదే ముఖం. వెనకటి ప్రశ్నలో చెప్పిన పద్ధతికి ఇక్కడ వచ్చిన బరువు వేరు.

ఇక అది ఎలా తయారైందంటే, 1960ల నడిమి ఏళ్లలో ఆ దేశంలో నిఘా కొంత సడలింది. నవతరం దర్శకులు ధైర్యమైన సినిమాలు తీస్తున్న రోజులవి. 'చేయి' కూడా ఆ సందులోంచే బయటికి వచ్చింది. 1968 ఆగస్టులో సోవియట్ సేనలు దిగాక ఆ సందు మూసుకుపోయింది. అదే ఏడాది పిల్లల పుస్తకాల చిత్రకారుడిగా ఆయనకు అంతర్జాతీయ ఆండర్సన్ పురస్కారం లభించింది. 1969 డిసెంబరు 30న, 57 ఏళ్ల వయసులో, ప్రాగ్‌లో కన్నుమూశారు. ఆయన పోయాక 'చేయి'ని ప్రదర్శనల నుంచి తీసేశారు. దాదాపు రెండు దశాబ్దాల పాటు సొంత దేశంలో అది ప్రజల కంట పడలేదు.

ప్రశ్న: నేను యానిమేషన్ చదువుతున్నాను. త్రంకా బొమ్మలకూ మన తోలుబొమ్మలాటకూ ఏమైనా సంబంధం ఉందా? ఆయన దగ్గర నేర్చుకున్నవాళ్లెవరు?
(ఒక విద్యార్థిని, హైదరాబాద్)

జవాబు: సంబంధం లేదు. మన తోలుబొమ్మలది తెర మీద పడే రంగుల నీడ. చెక్ బొమ్మలు కొయ్యవి, పైనుంచి తీగలతో, దారాలతో ఆడించేవి. పట్టణాల్లో, ప్రభుత్వ కార్యాలయాల్లో జర్మన్ భాష పెత్తనం చేసిన కాలంలో ఊరూరా తిరిగి చెక్ భాషలో ఆడినవారు ఆ బొమ్మలాటగాళ్లు. అందుకే వాళ్లంటే ఆ జాతికి అంత గౌరవం. చెక్, స్లొవాక్ బొమ్మలాటను 2016లో యునెస్కో తన సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చింది.

శిష్యుల్లో పొయార్ పేరు ఇప్పటికే చెప్పాను. మీకు ఎక్కువ పనికొచ్చేది ఇంకొకరి కథ. జపాన్‌కు చెందిన కిహచిరో కవమోతో త్రంకా చిత్రాలు చూసి ముగ్ధుడై, ఆయనకు ఉత్తరం రాసి, 1963లో ప్రాగ్ వెళ్లి ఆయన స్టూడియోలో చేరాడు. ఐరోపా పద్ధతిని నేర్చుకుపోవాలని వచ్చిన ఆ యువకుడికి త్రంకా చెప్పింది వేరు. మీ దేశంలో ఇంత గొప్ప బొమ్మలాట ఉండగా ఇక్కడ వెతుకుతావెందుకు, మీ సంప్రదాయంలోంచి తియ్యి అన్నారు. కవమోతో తిరిగి వెళ్లి, ముసుగులు పెట్టుకుని ఆడే జపాన్ 'నో' నాటకాల ముఖాలనూ, అక్కడి బొమ్మలాట అయిన బున్‌రాకు బొమ్మలనూ దగ్గర పెట్టుకుని పని మొదలుపెట్టాడు. 1972లో 'ఒని', 1976లో 'దోజోజి' తీశాడు. మీరు త్రంకా 'చేయి' చూశాక వెంటనే 'దోజోజి' చూడండి. రెండింటిలోనూ ముఖాల మీద వెలుతురు ఎటునుంచి పడుతోందో ఫ్రేము ఆపి కాగితం మీద గీసుకోండి.