అగ్రిమెంట్‌లో రాసిన పెనాల్టీ మొత్తం కట్టాల్సిందేనా?

సరుకు ఆలస్యమైందని మీ కస్టమర్ ఫైనల్ బిల్లులో 10 శాతం కోసేశాడు, "సంతకం పెట్టాం కదా, చేసేదేం లేదు" అని మీ అకౌంటెంట్ అంటున్నాడన్నారు. ఆ మాట నమ్మి వదిలేయకండి.

1872 కాంట్రాక్ట్ చట్టం 74వ సెక్షన్ ప్రకారం అగ్రిమెంట్‌లోని అంకె గరిష్ఠ పరిమితి మాత్రమే. దానికి లోబడి, న్యాయమైన పరిహారం ఎంతో అంతే వస్తుంది. అసలు నష్టమే లేకపోతే? 2015లో కైలాశ్‌నాథ్ కేసులో సుప్రీంకోర్టు దీనికి సూటిగా జవాబిచ్చింది. ఢిల్లీ డెవలప్‌మెంట్ అథారిటీ 3.12 కోట్లకు వేలం పాడినవాళ్ల బయానా 78 లక్షలు జప్తు చేసి, అదే స్థలాన్ని తర్వాత 11.78 కోట్లకు అమ్ముకుంది. నష్టం ఎక్కడుంది? బయానా తిరిగివ్వాలని కోర్టు తేల్చింది. అయితే రోడ్డు, వంతెన లాంటి పనుల్లో ఆలస్యానికి నష్టం లెక్కగట్టడం కష్టం. అలాంటిచోట ముందే సబబుగా వేసుకున్న అంకెను ఒప్పుకోవచ్చని సుప్రీంకోర్టు 2003 సా పైప్స్ తీర్పు చెబుతోంది. మీది మార్కెట్లో దొరికే సరుకు కాబట్టి ఆ వాదన వాళ్లకు అంతగా పనికిరాదు.

మాది విజయవాడ ఆటోనగర్‌లో ఫ్యాబ్రికేషన్ షాపు. ఒక గోడౌన్ షెడ్డు ట్రస్‌లు (పైకప్పును మోసే ఇనుప చట్రాలు) ఆలస్యమయ్యాయని మాకూ ఇలాగే కోత పెట్టారు. లారీ వెళ్లిన రోజున వాళ్ల సైట్ ఇంజనీరే "ఫౌండేషన్ బోల్టులు ఇంకా వేయలేదు, దించకండి" అని వాట్సాప్ పెట్టాడు. ఆ మెసేజ్, పెడెస్టల్స్‌కి (స్తంభాల కింది కాంక్రీటు దిమ్మెలకి) ఇంకా సెంట్రింగ్ పలకలు ఉన్న ఫోటో జతచేసి, ఈ ఆలస్యం వల్ల మీకు పోయిందేమిటో లెక్క చూపండని లాయరు చేత నోటీసు ఇప్పించాం. లెక్క రాలేదు. కోసిన డబ్బులో చాలావరకు తిరిగి వచ్చింది.

అందుకే వాదన కంటే ముందు కాగితాలు చూసుకోండి. సరుకు దించుకున్నప్పుడు ఆలస్యానికి పరిహారం అడుగుతామని వాళ్లు మీకు తెలియజేశారా? గడువు కీలకమైన కాంట్రాక్టులో అలా చెప్పకుండా తీసుకుంటే, తర్వాత అడిగే హక్కు అదే కాంట్రాక్ట్ చట్టం 55వ సెక్షన్ ప్రకారం ఉండదు. చలాన్ మీద ఏం రాశారో చూడండి. మిగతా డబ్బు తీసుకునేటప్పుడు "ఫుల్ అండ్ ఫైనల్ సెటిల్‌మెంట్" అన్న కాగితం మీద మాత్రం సంతకం పెట్టొద్దు. "కోతకు ఒప్పుకోవడం లేదు" అని మెయిల్ పెట్టి తీసుకోండి.

సరుకిచ్చే నాటికే మీకు ఉద్యం రిజిస్ట్రేషన్ (చిన్న సంస్థలకు కేంద్రం ఇచ్చే నమోదు) ఉంటే, వాటి బకాయిల తగాదాలు తేల్చే ఎంఎస్ఎంఈ ఫెసిలిటేషన్ కౌన్సిల్‌కి వెళ్లొచ్చు. బకాయి అని తేలితే ఆర్‌బీఐ ప్రకటించే బ్యాంకు రేటుకు మూడు రెట్లు, నెలనెలా చక్రవడ్డీ పడుతుంది. ఈ వడ్డీ గురించి చెప్పే ఎంఎస్ఎంఈ చట్టం 16వ సెక్షన్‌ను నోటీసులో రాయించండి.